మదర్‌బోర్డు బయోస్ అప్‌డేట్ జాగ్రత్తగా చేసుకోవడం ఎలా? తరచుగా అడిగే ప్రశ్నలు

బయోస్ అప్‌డేట్ అనగానే చాలామందికి టెన్షన్ మొదలవుతుంది. విండోస్ పాడైతే మళ్లీ ఎక్కించుకోవచ్చు, డిస్క్ పోతే కొత్తది వేసుకోవచ్చు. అసలు మదర్‌బోర్డే లేవకపోతే ఏం చేయాలో తోచదు. ఆ భయం అర్థం లేనిదేమీ కాదు. అయితే నా దగ్గరికి వచ్చిన కేసులు చాలావరకు రెండే చోట్ల దెబ్బతిన్నాయి: మొదట్లో ఫైల్ సరిచూసుకోకపోవడం, చివర్లో స్క్రీన్ నల్లగా ఉందని ఆగలేక పవర్ తీసేయడం. అందుకే ఆ రెండింటి గురించి కింద కాస్త ఎక్కువే రాశాను.

బయోస్, యూఈఎఫ్ఐ, ఫర్మ్‌వేర్... ఇవన్నీ ఒకటేనా?

మన మాటల్లో ఒకటే. పవర్ బటన్ నొక్కగానే ప్రాసెసర్‌ని, ర్యామ్‌ని, డిస్కుల్ని లేపి, ఆ తర్వాత విండోస్‌కో లినక్స్‌కో పగ్గాలు అప్పగించే ప్రోగ్రామ్ ఇది. బయోస్ అనే పేరు 1970లలో గ్యారీ కిల్డాల్ తయారుచేసిన సీపీ/ఎం ఆపరేటింగ్ సిస్టమ్ నుంచి వచ్చింది. ఇప్పటి బోర్డుల్లో ఉండేది యూఈఎఫ్ఐ. దాని ప్రమాణాలు చూసే యూఈఎఫ్ఐ ఫోరమ్ 2005లో ఏర్పడింది. అయినా కంపెనీల వెబ్‌సైట్లలో డౌన్‌లోడ్ పేజీ మీద ఇంకా బయోస్ అనే ఉంటుంది కాబట్టి నేనూ ఆ మాటే వాడుతున్నాను.

ఈ ప్రోగ్రామ్ మీ ఎస్ఎస్‌డీలో ఉండదు. బోర్డు మీద ఎనిమిది కాళ్లున్న చిన్న ఫ్లాష్ చిప్‌లో ఉంటుంది. సామర్థ్యం సాధారణంగా 16 లేదా 32 ఎంబీ.

బాగానే నడుస్తోంది కదా, అప్‌డేట్ అవసరమా?

సరైన ప్రశ్న. నా జవాబు ఇది: కొత్త వెర్షన్ వచ్చింది కదా అని చేయకండి, కారణం దొరికితే మాత్రం వాయిదా వేయకండి. డౌన్‌లోడ్ పేజీలో ప్రతి వెర్షన్ కింద రెండు మూడు లైన్ల వివరణ ఉంటుంది. మీ బోర్డు మీద ఇప్పుడున్న వెర్షన్ తర్వాత వచ్చినవన్నీ చదవండి. మీకు పనికొచ్చేది ఒక్కటైనా ఉందేమో చూడండి.

గట్టి కారణాలు ఎలా ఉంటాయో చెప్తాను. మొదటిది కొత్త ప్రాసెసర్. ఏఎండీ ఏఎం4 సాకెట్ బోర్డులే తీసుకోండి. బీ450 చిప్‌సెట్ బోర్డు మొదట వచ్చినప్పుడు రైజెన్ 5000 ప్రాసెసర్లు పుట్టనే లేదు. పాత బయోస్‌తో ఆ ప్రాసెసర్ వేస్తే ఫ్యాన్లు తిరుగుతాయి, తెర మీద ఏమీ రాదు. బయోస్ మారిస్తే అదే బోర్డు హాయిగా పనిచేస్తుంది.

రెండోది ప్రాసెసర్‌కే హాని జరిగే సందర్భం. దీన్ని తేలిగ్గా తీసుకోకూడదు. ఇంటెల్ 13, 14 తరాల డెస్క్‌టాప్ ప్రాసెసర్లు కొన్ని అవసరానికి మించిన వోల్టేజీ అడిగి, క్రమంగా లోపలే దెబ్బతిని, గేమ్‌ల మధ్యలో క్రాష్ అవ్వడం మొదలుపెట్టాయి. దానికి ఇంటెల్ 2024 ఆగస్టులో 0ఎక్స్129 అనే మైక్రోకోడ్ (ప్రాసెసర్ లోపలి ప్రోగ్రామ్), సెప్టెంబరులో 0ఎక్స్12బీ ఇచ్చింది. ఇవి బయోస్ అప్‌డేట్ ద్వారానే బోర్డుల్లోకి వచ్చాయి. అయితే అప్పటికే దెబ్బతిన్న ప్రాసెసర్‌ని ఏ అప్‌డేటూ బాగుచేయలేదు. ముందుగా చేసుకున్నవాళ్లే లాభపడ్డారు. ఏఎండీ వైపు 2023లో ఏఎం5 బోర్డుల మీద కొన్ని రైజెన్ 7000 ఎక్స్3డీ ప్రాసెసర్లు కాలిపోయాయి. ఆ తర్వాత ఎస్ఓసీ వోల్టేజీ (ప్రాసెసర్‌లోనే ఉండే మెమరీ కంట్రోలర్ లాంటి భాగాలకు వెళ్లేది) 1.3 వోల్టులు దాటకుండా బయోస్‌లోనే కట్టడి పెట్టారు. మీ దగ్గర ఈ ప్రాసెసర్లలో ఏదైనా ఉండి బయోస్ ఆ తేదీలకన్నా పాతదైతే, ఇక ఆలోచించాల్సింది లేదు, చేయాల్సిందే.

మూడోది భద్రత. 2023 డిసెంబరులో బయటపడ్డ లోగోఫెయిల్ లోపాలు కంప్యూటర్ ఆన్ అవుతున్నప్పుడు కనిపించే కంపెనీ లోగో బొమ్మని చదివే కోడ్‌లో ఉన్నాయి. విండోస్ ఇంకా నిద్ర లేవకముందే జరిగే దాడి అది. దాన్ని యాంటీవైరస్ పట్టుకోలేదు. అలాగే నమ్మకమైన సంతకం ఉన్న ప్రోగ్రామ్‌నే లేవనిచ్చే సెక్యూర్ బూట్ కోసం 2011లో ఇచ్చిన మైక్రోసాఫ్ట్ సర్టిఫికెట్లకు 2026 జూన్ నుంచి గడువు తీరడం మొదలవుతుంది. వాటి స్థానంలో 2023 నాటి సర్టిఫికెట్లు రావాలి. ఎక్కువ కంప్యూటర్లకు అవి విండోస్ అప్‌డేట్ ద్వారానే వస్తాయి. కొన్ని బోర్డులకు మాత్రం కొత్త బయోస్ కూడా కావాలి.

ఇవేవీ మీకు వర్తించకపోతే, కంప్యూటర్ నిలకడగా ఉంటే, దాన్ని అలాగే వదిలేయండి.

ఇందులో అంత ప్రమాదం ఏముంది?

ఫ్లాష్ చిప్‌లో పాత అక్షరం మీద కొత్త అక్షరం నేరుగా రాయడం కుదరదు. ముందు ఒక భాగాన్ని పూర్తిగా చెరిపేయాలి, ఆ తర్వాత రాయాలి. పలక తుడిచి రాసినట్టే. తుడిచాక, రాయకముందు కరెంటు పోతే ఆ భాగం ఖాళీగా మిగిలిపోతుంది. మరుసటిసారి ఆన్ చేసినప్పుడు ప్రాసెసర్ అక్కడికి వచ్చి చూస్తే చదవడానికి ఏమీ ఉండదు. బోర్డు చచ్చింది అని మనం అనేది దీన్నే. నిజానికి కాలిందేమీ ఉండదు, చిప్‌లో రాత చెరిగిపోయిందంతే. కాబట్టి చాలాసార్లు తిరిగి రాయించి బతికించవచ్చు. ఎలాగో కింద చెప్తాను.

ఒక పాత సంగతి. 1998లో వచ్చిన సీఐహెచ్ వైరస్ 1999 ఏప్రిల్ 26న లేచి చాలా కంప్యూటర్లలో డిస్కుల్ని చెరిపింది, కొన్నింటిలో బయోస్ చిప్‌నీ చెరిపింది. ఆ రోజుల్లో చిప్‌కి తలుపు తాళం ఉండేది కాదు. ఇప్పటి బోర్డులు కంపెనీ డిజిటల్ సంతకం లేని ఫైల్‌ని సాధారణంగా తీసుకోవు. మనకి ఇది మంచిదే: డౌన్‌లోడ్‌లో పాడైపోయిన ఫైల్‌ని కూడా ఎక్కువ బోర్డులు మొదట్లోనే తిప్పి పంపేస్తాయి.

నా బోర్డు మోడల్, ఇప్పుడున్న వెర్షన్ ఎలా తెలుసుకోవాలి?

విండోస్ స్టార్ట్‌లో సిస్టమ్ ఇన్ఫర్మేషన్ అని వెతికి తెరవండి. బేస్‌బోర్డ్ ప్రోడక్ట్ అన్న చోట బోర్డు పేరు, బయోస్ వెర్షన్ అన్న చోట వెర్షన్, తేదీ ఉంటాయి. లినక్స్‌లో డీఎంఐడీకోడ్ అనే కమాండ్ ఈ పని చేస్తుంది.

అక్కడితో ఆగకండి. బోర్డు పేరులో ఒక్క అక్షరం తేడా అయినా అది వేరే బోర్డు. చివర వైఫై అని ఉన్నదానికీ లేనిదానికీ, ఎం అని ఉన్నదానికీ లేనిదానికీ, డీడీఆర్4కీ డీడీఆర్5కీ ఫైళ్లు వేరువేరుగా ఉండొచ్చు. కొన్ని బోర్డులకు పేరు అదే అయినా రివిజన్ మారుతుంది. గిగాబైట్ బోర్డుల మీద ఒక మూల చిన్న అక్షరాల్లో రెవ్ 1.0 అనో 1.2 అనో అచ్చు వేసి ఉంటుంది. కేబినెట్ తలుపు తీసి, ఫోన్ టార్చ్ వేసి, ఆ మూలని ఫోటో తీసుకోండి. డౌన్‌లోడ్ పేజీలో రివిజన్ అడిగినప్పుడు ఆ ఫోటో చూసి ఎంచుకోండి. డబ్బా మీద ఉన్నదో బిల్లు మీద ఉన్నదో నమ్మొద్దు, బోర్డు మీద ఉన్నదే నమ్మండి.

ఫైల్ ఎక్కడి నుంచి తెచ్చుకోవాలి? ఏ వెర్షన్?

బోర్డు తయారుచేసిన కంపెనీ సపోర్ట్ పేజీ నుంచి. ఇంకెక్కడి నుంచీ వద్దు. డ్రైవర్లన్నీ ఒకేచోట ఇస్తామనే సైట్లు, మీ బయోస్ పాతదైంది అని భయపెట్టే ప్రకటనలు, ఎవరో డ్రైవ్‌లో పెట్టి పంపిన ఫైల్... ఇవేవీ పనికిరావు. లాప్‌టాప్‌కి, బ్రాండెడ్ డెస్క్‌టాప్‌కి అయితే ఆ కంప్యూటర్ కంపెనీ పేజీలో సీరియల్ నంబర్‌తో వెతికితే సరిగ్గా మీదే దొరుకుతుంది.

బీటా అని రాసి ఉన్నదాన్ని మీ సమస్యకు అందులోనే పరిష్కారం ఉంటే తప్ప ముట్టుకోకండి. నిన్ననే విడుదలైన వెర్షన్ అయితే రెండు వారాలు ఆగడం నాకు అలవాటు. సమస్య ఉంటే ఈలోపు ఆ ఫైల్‌ని కంపెనీయే పేజీ నుంచి తీసేస్తుంది.

మధ్యలో వెర్షన్లు దాటేసి నేరుగా చివరిదానికి వెళ్లొచ్చా అని చాలామంది అడుగుతారు. సాధారణంగా వెళ్లొచ్చు, ఎందుకంటే ప్రతి ఫైల్‌లోనూ పూర్తి బయోస్ ఉంటుంది. కానీ కొన్ని వెర్షన్ల కింద ముందు ఫలానా వెర్షన్ ఎక్కించాకే ఇది ఎక్కించండి అని రాసి ఉంటుంది. అలా ఉంటే అక్షరాలా పాటించండి. ఇంకో మెలిక కూడా ఉంది. 16 ఎంబీ చిప్‌లో చోటు చాలక, కొత్త ప్రాసెసర్ల కోసం కొన్ని ఏఎం4 బోర్డుల బయోస్‌లలో పాత ప్రాసెసర్లకి సపోర్ట్ తీసేశారు. మీది పాత ప్రాసెసర్ అయితే కొత్త వెర్షన్ కింద దాని ప్రస్తావన ఉందేమో చూడకుండా ముందుకెళ్లొద్దు.

పేజీలో షా256 చెక్‌సమ్ (ఫైల్‌కి వేలిముద్ర లాంటి కోడ్) ఇచ్చి ఉంటే పోల్చి చూసుకోండి. విండోస్‌లోనే ఉండే సర్ట్‌యుటిల్ అనే కమాండ్ దాన్ని లెక్కగట్టి ఇస్తుంది. ఒక్క నిమిషం పని.

బిట్‌లాకర్ సంగతేంటి?

ఇది మర్చిపోయినవాళ్లు చాలా బాధపడ్డారు, అందుకే వివరంగా చెప్తాను. విండోస్ డిస్క్‌ని బిట్‌లాకర్‌తో తాళం వేసినప్పుడు ఆ తాళంచెవి టీపీఎం అనే భద్రతా భాగం దగ్గర ఉంటుంది. కంప్యూటర్ నిన్న ఎలా లేచిందో ఈరోజూ అలాగే లేస్తేనే టీపీఎం తాళం తీస్తుంది. బయోస్ మారగానే దానికి అనుమానం వస్తుంది. నీలం తెర మీద 48 అంకెల రికవరీ కీ అడుగుతుంది. ఆ అంకెలు లేకపోతే మీ ఫైళ్లు మీవి కావు. వేరే దారి లేదు.

నేను బిట్‌లాకర్ పెట్టలేదే అనుకోకండి. కొత్త విండోస్ 11 కంప్యూటర్లలో మైక్రోసాఫ్ట్ అకౌంట్‌తో లాగిన్ అయితే డివైస్ ఎన్‌క్రిప్షన్ పేరుతో అదే ఆన్ అయి ఉండొచ్చు. మా అన్నయ్య లాప్‌టాప్‌లో సరిగ్గా ఇదే జరిగింది. రాత్రి పూట తనంతట తానే బయోస్ అప్‌డేట్ అయింది, పొద్దున్నే నీలం తెర. ఆయన ఎప్పుడో పాత మెయిల్‌తో అకౌంట్ తెరిచాడు, దాని పాస్‌వర్డ్ గుర్తులేదు. ఆ పాస్‌వర్డ్ తిరిగి సంపాదించేదాకా ఆయన పడ్డ కంగారు నేను పక్కనే ఉండి చూశాను. కీ దొరికింది కాబట్టి సరిపోయింది.

కాబట్టి ముందే మీ మైక్రోసాఫ్ట్ అకౌంట్‌లోకి ఫోన్ నుంచి వెళ్లి రికవరీ కీ ఉందో లేదో కళ్లారా చూసుకోండి, కాగితం మీద రాసుకోండి. విండోస్ ప్రో అయితే కంట్రోల్ ప్యానెల్‌లో బిట్‌లాకర్ దగ్గర సస్పెండ్ ప్రొటెక్షన్ నొక్కండి. అంటే డిస్క్ మొత్తం తాళం విప్పడం కాదు, తాత్కాలికంగా కాపలా ఆపడం. క్షణంలో అయిపోతుంది. ఆఫీసు లాప్‌టాప్ అయితే ఐటీ వాళ్లని అడగకుండా ఏదీ చేయకండి, కీ వాళ్ల దగ్గరే ఉంటుంది.

పిన్‌తో లాగిన్ అయ్యే అలవాటు ఉంటే అకౌంట్ పాస్‌వర్డ్ కూడా గుర్తుందో లేదో చూసుకోండి. టీపీఎం రీసెట్ అయితే పిన్ పనిచేయదు.

ఫైళ్లు పోతాయా?

పోవు. డిస్క్‌ని బయోస్ అప్‌డేట్ ముట్టుకోదు. అయినా ముఖ్యమైనవి బ్యాకప్ తీసి పెట్టుకోండి. పైన చెప్పిన తాళం గొడవ ఒక్కటే చాలు దానికి కారణం.

సెట్టింగ్స్ ఏమవుతాయి? ముందు ఏం రాసి పెట్టుకోవాలి?

దాదాపు అన్నీ డీఫాల్ట్‌కి వెళ్లిపోతాయి. బయోస్‌లోకి వెళ్లి మీరు మార్చిన ప్రతి పేజీని ఫోన్‌తో ఫోటో తీయండి. చాలా బోర్డుల్లో పెన్‌డ్రైవ్ పెట్టి ఎఫ్12 నొక్కితే స్క్రీన్‌షాట్ కూడా పడుతుంది. ముఖ్యంగా చూడాల్సింది స్టోరేజీ మోడ్, అంటే బోర్డు డిస్క్‌తో మాట్లాడే పద్ధతి: ఏహెచ్‌సీఐనా, రెయిడ్/వీఎండీనా అన్నది. తర్వాత సీఎస్ఎం (పాత బయోస్ పద్ధతిలో లేపే సదుపాయం) ఆన్‌లో ఉందా, సెక్యూర్ బూట్ ఉందా, బూట్ ఆర్డర్ ఏంటి, వర్చువలైజేషన్ ఆన్ చేశారా, ర్యామ్‌ని దాని పూర్తి వేగంతో నడిపే ఎక్స్ఎంపీ లేదా ఎక్స్‌పో ఏ స్పీడ్‌లో ఉంది, ఫ్యాన్ల అమరిక ఎలా ఉంది. సెట్టింగ్స్‌ని ప్రొఫైల్‌గా సేవ్ చేసే సదుపాయం ఉంటుంది కానీ, పాత వెర్షన్ ప్రొఫైల్‌ని కొత్త బయోస్ చాలాసార్లు ఒప్పుకోదు. ఫోటోలే నమ్మకం.

ఫోటోలయ్యాక, ఓవర్‌క్లాక్‌లు, ఎక్స్ఎంపీ, అండర్‌వోల్ట్‌లు అన్నీ తీసేసి డీఫాల్ట్స్ లోడ్ చేసి ఒకసారి రీస్టార్ట్ చేయండి. కొత్త ఫైల్ చిప్‌లోకి వెళ్లేముందు ర్యామ్‌లోకి వస్తుంది. ఆ ర్యామ్ తడబడే స్థితిలో ఉండకూడదు.

పెన్‌డ్రైవ్ ఎలా సిద్ధం చేయాలి?

32 జీబీ లేదా అంతకన్నా చిన్న మామూలు యూఎస్‌బీ 2.0 పెన్‌డ్రైవ్ దీనికి అన్నిటికన్నా బాగా పనిచేస్తుంది. ఎఫ్ఏటీ32లో ఫార్మాట్ చేయండి. ఎన్‌టీఎఫ్ఎస్‌లో ఉంటే చాలా బోర్డులకి ఆ డ్రైవే కనిపించదు. జిప్ ఫైల్‌ని అలాగే కాపీ చేయకుండా విప్పి, లోపల ఉన్న బయోస్ ఫైల్‌ని పెన్‌డ్రైవ్ మొదటి పేజీలోనే, ఏ ఫోల్డర్‌లోనూ పెట్టకుండా వేయండి. ఎజెక్ట్ నొక్కాకే తీయండి.

విండోస్‌లోంచే అప్‌డేట్ చేసే టూల్ ఉంది కదా, అది వాడొచ్చా?

ఇక్కడ రెండు రకాలున్నాయి, తేడా తెలుసుకోవాలి. లాప్‌టాప్ కంపెనీల టూళ్లు, విండోస్ అప్‌డేట్‌లో వచ్చే ఫర్మ్‌వేర్... ఇవి ఫైల్‌ని ఒక పక్కన పెట్టి, రీస్టార్ట్ చేశాక, విండోస్ లేవకముందు బయోస్ చేతే రాయిస్తాయి. వీటితో ఇబ్బంది లేదు. విండోస్ నడుస్తుండగానే చిప్ మీద రాసే టూళ్లు మాత్రం నేను వాడను, వాడమని చెప్పను. ఆ సమయంలో యాంటీవైరస్ అడ్డుపడొచ్చు, విండోస్ హ్యాంగ్ కావచ్చు. డెస్క్‌టాప్ బోర్డులకి బయోస్‌లోనే ఉండే టూల్ వాడండి: అసుస్‌లో ఈజీ ఫ్లాష్, ఎంఎస్ఐలో ఎం-ఫ్లాష్, గిగాబైట్‌లో క్యూ-ఫ్లాష్, ఏఎస్‌రాక్‌లో ఇన్‌స్టంట్ ఫ్లాష్.

అసలు పని ఎలా జరుగుతుంది?

షిఫ్ట్ పట్టుకుని షట్‌డౌన్ నొక్కి కంప్యూటర్‌ని పూర్తిగా ఆపండి. ఎక్స్‌టర్నల్ డిస్కులు, అవసరం లేని యూఎస్‌బీలు తీసేయండి. వైర్‌లెస్ కాకుండా వైరున్న కీబోర్డు పెట్టుకోండి. పెన్‌డ్రైవ్‌ని కేబినెట్ ముందు పోర్టులో కాకుండా వెనక, నేరుగా బోర్డు మీదున్న పోర్టులో పెట్టండి. ఆన్ చేసి డిలీట్ కీ నొక్కుతూ బయోస్‌లోకి వెళ్లి ఫ్లాష్ టూల్ తెరవండి.

ఫైల్ ఎంచుకోగానే తెర మీద ఇప్పుడున్న వెర్షన్, కొత్త వెర్షన్ పక్కపక్కనే కనిపిస్తాయి, చాలా బోర్డుల్లో బోర్డు పేరు కూడా. అక్కడ ఒక్క క్షణం ఆగి పైకి చదవండి. యెస్ నొక్కాక వెనక్కి రావడం ఉండదు. తర్వాత గీత నిండుతూ ఉంటుంది: చెరపడం, రాయడం, సరిచూడడం. మధ్యలో ఒక శాతం దగ్గర చాలాసేపు నిలబడిపోవచ్చు, అది మామూలే. ఎక్కువ బోర్డుల్లో రెండు నుంచి ఐదారు నిమిషాల్లో అయిపోయి దానంతట అదే రీస్టార్ట్ అవుతుంది. ఆ కాసేపూ కీబోర్డు, మౌస్, పవర్ బటన్ దేన్నీ ముట్టుకోకండి. కాళ్ల దగ్గర స్విచ్‌బోర్డు ఉంటే పిల్లల్ని ఆ గదిలోకి రానివ్వకండి.

మధ్యలో కరెంటు పోతే?

యూపీఎస్ ఉంటే ఈ బాధ లేదు. అయితే యూపీఎస్ బ్యాటరీ బాగుందో లేదో ముందే ప్లగ్ తీసి చూసుకోండి. కంప్యూటర్ కనీసం పది నిమిషాలు నిలబడాలి. యూపీఎస్ లేకపోతే ఉరుములు, మెరుపులు ఉన్న రోజున, కరెంటు వస్తూ పోతూ ఉన్న రోజున ఈ పని పెట్టుకోవద్దు. ఒక పూట ఆగితే నష్టమేమీ లేదు.

అప్‌డేట్ అయిపోయింది, కానీ స్క్రీన్ నల్లగా ఉంది. బోర్డు పోయిందా?

చాలావరకు పోలేదు. దయచేసి పవర్ తీయకండి.

అప్‌డేట్ తర్వాత మొదటిసారి లేచేటప్పుడు బోర్డు ర్యామ్‌ని మొదట్నుంచి కొత్తగా పరిచయం చేసుకుంటుంది. ఏ స్టిక్ ఏ వేగంతో, ఎంత ఆలస్యంతో జవాబిస్తోందో ఒక్కొక్కటిగా కొలుస్తుంది. మెమరీ ట్రెయినింగ్ అంటారు. డీడీఆర్4లో ఇది త్వరగానే అవుతుంది. డీడీఆర్5లో, అందులోనూ ర్యామ్ ఎక్కువగా ఉంటే, నిమిషాలు పడుతుంది. ఆ సేపంతా మానిటర్‌కి సిగ్నలే రాదు.

నా ఏఎం5 బోర్డు మీద మొదటిసారి చేసినప్పుడు నాకూ గుండె జారింది. ఫ్యాన్లు ఒక్కసారి జోరుగా తిరిగి నెమ్మదించాయి. మానిటర్ మీద నో సిగ్నల్ అని వచ్చి అదీ ఆరిపోయింది. బోర్డు అంచున నాలుగు చిన్న లైట్లుంటాయి కదా, వాటిలో డీర్యామ్ అన్న దగ్గర పసుపు లైటు వెలిగి అలాగే ఉండిపోయింది. ఫోన్‌లో టైమ్ చూసుకుంటూ కూర్చున్నాను. రెండు నిమిషాలు, మూడు నిమిషాలు, లైటు కదలదు. నాలుగు దాటాక ఫ్యాన్లు ఆగి, మళ్లీ తిరిగి, పసుపు పోయి తెల్ల లైటు వచ్చింది. ఇంకో పది సెకన్లకి లోగో. అప్పుడు ప్రాణం లేచొచ్చింది. ఆ మూడో నిమిషంలో నేను బటన్ పట్టుకుని ఆపేసి ఉంటే ట్రెయినింగ్ మళ్లీ మొదటికి వచ్చేది. అదే బోర్డు ఇంకా చిప్ మీద రాస్తున్న సమయమైతే నిజంగానే పోయేది. బయట నుంచి చూసేవాళ్లకి ఈ రెండింటికీ తేడా తెలియదు. అందుకే ఆగాలి.

ఎంతసేపు? డీడీఆర్5 అయితే కనీసం 15 నిమిషాలు. అది కూడా దాటితే అప్పుడు పవర్ ఆపి, ప్లగ్ తీసి, మాన్యువల్ చూసి క్లియర్ సీమాస్ చేయండి, అంటే బయోస్ సెట్టింగ్స్ చెరిపేయండి. బటనో, రెండు పిన్నుల జంపరో ఉంటుంది. లేకపోతే సీఆర్2032 కాయిన్ బ్యాటరీని కాసేపు తీసి పెట్టండి. ఆ తర్వాత ఒక్క ర్యామ్ స్టిక్‌తో ప్రయత్నించండి. మానిటర్ కేబుల్ గ్రాఫిక్స్ కార్డుకే ఉందా అన్నదీ చూడండి.

లేచింది కానీ ఎఫ్‌టీపీఎం అంటూ వై నొక్కాలా ఎన్ నొక్కాలా అని అడుగుతోంది?

ఏఎండీ బోర్డుల్లో వచ్చే ప్రశ్న ఇది. ఎఫ్‌టీపీఎం అంటే విడి చిప్‌గా కాకుండా ఫర్మ్‌వేర్‌తో నడిచే టీపీఎం. వై నొక్కితే టీపీఎంలో ఉన్న తాళంచెవులు చెరిగిపోతాయి. బిట్‌లాకర్ ఉండి రికవరీ కీ మీ చేతిలో లేకపోతే వై నొక్కొద్దు. ఎన్ నొక్కి, ముందు కీ సంపాదించి రాసుకుని, తర్వాత సంగతి చూసుకోండి. ప్రాసెసరే మార్చి ఉంటే పాతదాన్ని తిరిగి పెట్టాల్సి రావొచ్చు.

విండోస్ లేవట్లేదు, నీలం తెర వస్తోంది లేదా డిస్క్ లేదంటోంది. ఇప్పుడేం చేయాలి?

తొందరపడి విండోస్ మళ్లీ ఎక్కించకండి. పది కేసుల్లో తొమ్మిది సెట్టింగ్ గొడవే అయి ఉంటుంది. ఇన్ఆక్సెసిబుల్ బూట్ డివైస్ అని వస్తే స్టోరేజీ మోడ్ మారిపోయింది. ఫోటో చూసి ఏహెచ్‌సీఐనో వీఎండీనో ముందున్నట్టే పెట్టండి. బూట్ డివైస్ ఏదీ లేదంటే విండోస్ పాత లెగసీ పద్ధతిలో ఎక్కించి ఉండొచ్చు, సీఎస్ఎం ఆన్ చేయండి. లేదా బూట్ ఆర్డర్‌లో విండోస్ బూట్ మేనేజర్‌ని పైకి తీసుకురండి.

ప్రాసెసర్ లేకుండానే బయోస్ మార్చొచ్చంటారు, నిజమేనా?

నిజమే, బోర్డు వెనక ఆ బటన్ ఉంటే. అసుస్, ఏఎస్‌రాక్ దీన్ని బయోస్ ఫ్లాష్‌బ్యాక్ అంటాయి, ఎంఎస్ఐ ఫ్లాష్ బయోస్ బటన్ అంటుంది, గిగాబైట్ క్యూ-ఫ్లాష్ ప్లస్ అంటుంది. బోర్డుకి పవర్ సప్లై కేబుళ్లు పెట్టి, గుర్తు వేసి ఉన్న యూఎస్‌బీ పోర్టులో పెన్‌డ్రైవ్ పెట్టి, బటన్ నొక్కితే చాలు. ప్రాసెసర్, ర్యామ్, మానిటర్ ఏవీ అక్కర్లేదు. కొత్త ప్రాసెసర్ కొని బోర్డు పాతదైనప్పుడు, అప్‌డేట్ మధ్యలో చెడిపోయినప్పుడు ఇది దేవుడిలా ఆదుకుంటుంది. బోర్డు కొనేటప్పుడు ఈ బటన్ ఉందో లేదో చూడమని నేను అందరికీ చెప్తుంటాను.

ఫైల్ పేరు మాన్యువల్‌లో చెప్పింది చెప్పినట్టే ఉండాలి. అసుస్ అయితే జిప్‌లోనే పేరు మార్చే చిన్న టూల్ ఇస్తుంది. పేరు చేత్తో మారుస్తుంటే విండోస్‌లో ఫైల్ నేమ్ ఎక్స్‌టెన్షన్స్ కనిపించేలా టిక్ పెట్టండి. లేదంటే మీకు తెలియకుండా పేరు చివర రెండు తోకలు వస్తాయి, బోర్డు ఆ ఫైల్‌ని గుర్తుపట్టదు. లైటు మిణుకుమిణుకుమంటుంటే పని జరుగుతున్నట్టు. అసుస్‌లో ఐదు సెకన్లు వెలిగి ఆరి చివరికి కదలకుండా వెలిగిపోతే ఫైలో పెన్‌డ్రైవో నచ్చలేదని అర్థం. అప్పటికి చిప్‌లో ఏదీ మారలేదు, నిశ్చింతగా మళ్లీ ప్రయత్నించవచ్చు.

లాప్‌టాప్‌కి వేరే జాగ్రత్తలేమైనా ఉన్నాయా?

ఛార్జర్ పెట్టి ఉండాలి, బ్యాటరీ కూడా సగానికి పైనే ఉండాలి. మూత మూయకూడదు. బ్యాటరీ ఉబ్బిన లాప్‌టాప్‌కో, అసలు బ్యాటరీయే నిలవని లాప్‌టాప్‌కో ముందు ఆ పని చూడండి. అప్‌డేట్ మధ్యలో రెండు మూడుసార్లు ఆరి వెలగడం, ఫ్యాన్ హోరెత్తడం సహజం. కీబోర్డు, ఛార్జింగ్ చూసుకునే చిప్‌ల ఫర్మ్‌వేర్ కూడా అదే విడతలో మారుతుంటుంది.

లినక్స్ వాడుతున్నాను, నాకెలా?

ఫర్మ్‌వేర్ అప్‌డేట్ చేసే ఎఫ్‌డబ్ల్యూయూపీడీ అనే ప్రోగ్రామ్ ఉంది. కంపెనీలు ఎల్‌వీఎఫ్ఎస్ అనే ఆన్‌లైన్ భాండాగారంలో పెట్టిన ఫర్మ్‌వేర్‌ని అది తెచ్చి, రీస్టార్ట్‌లో రాయిస్తుంది. లాప్‌టాప్‌లకి బాగా దొరుకుతుంది, విడిగా కొన్న డెస్క్‌టాప్ బోర్డులకి తక్కువ. దొరకకపోతే పెన్‌డ్రైవ్ పద్ధతే. దానికి ఆపరేటింగ్ సిస్టమ్‌తో పని లేదు.

కొత్త వెర్షన్ నచ్చలేదు. పాతదానికి వెళ్లొచ్చా?

కొన్ని బోర్డులు ఒప్పుకుంటాయి, కొన్ని ఒప్పుకోవు. భద్రతా లోపం సరిచేసిన వెర్షన్ నుంచి వెనక్కి వెళ్లకుండా కావాలనే తలుపు మూసేస్తారు. ఆ సంగతి డౌన్‌లోడ్ పేజీలో వెర్షన్ కింద రాసి ఉంటుంది. అందుకే ఎక్కించకముందే చదవమన్నాను.

నిజంగానే బోర్డు లేవట్లేదు. చివరి దారులేంటి?

మొదట ఫ్లాష్‌బ్యాక్ బటన్. తర్వాత, బోర్డులో రెండు బయోస్ చిప్‌లుంటే రెండోదానికి మారడం. కొన్ని గిగాబైట్ బోర్డుల్లో డ్యూయల్‌బయోస్ అనే సదుపాయం ఉంది. కొన్ని లాప్‌టాప్‌లకి బయోస్‌ని తిరిగి రాయించే కీబోర్డు మీటలుంటాయి: హెచ్‌పీలో విండోస్, బీ కీలు కలిపి పట్టుకుని పవర్ నొక్కాలి, డెల్‌లో కంట్రోల్, ఎస్కేప్ పట్టుకుని ఛార్జర్ పెట్టాలి. కొన్ని మోడళ్లు డిస్క్‌లో దాచిన కాపీతో, మరికొన్ని పెన్‌డ్రైవ్‌లో పెట్టిన రికవరీ ఫైల్‌తో లేస్తాయి.

ఇవేవీ పనిచేయకపోతే సీహెచ్341ఏ లాంటి ప్రోగ్రామర్ (చిప్ మీద రాసే చిన్న పరికరం)తో, చిప్‌ని క్లిప్‌తో నేరుగా పట్టుకుని రాయించాలి. చిప్‌లెవెల్ రిపేర్ చేసేవాళ్లు రోజూ చేసే పనే ఇది. మీరే చేయాలనుకుంటే రెండు విషయాలు మరువకండి. చిప్ 3.3 వోల్టులదా 1.8 వోల్టులదా అన్నది దాని నంబర్ చూసి తేల్చుకోండి, 1.8 చిప్‌కి 3.3 ఇస్తే అప్పుడు నిజంగానే కాలుతుంది. రాయడానికి ముందు, ఉన్నదాన్ని ఉన్నట్టు రెండుసార్లు చదివి, రెండూ ఒకేలా ఉన్నాయని చూసి దాచుకోండి. మీ బోర్డు సీరియల్ నంబర్, నెట్‌వర్క్ మ్యాక్ అడ్రస్ చాలాసార్లు ఆ చిప్‌లోనే ఉంటాయి, కంపెనీ ఫైల్‌లో ఉండవు. వారంటీ ఇంకా ఉంటే మాత్రం క్లిప్ పెట్టకుండా సర్వీస్ సెంటర్‌కే ఇవ్వండి.

అంతా సరిగా జరిగిందని ఎలా నిర్ధారించుకోవాలి?

మళ్లీ సిస్టమ్ ఇన్ఫర్మేషన్ తెరిచి వెర్షన్ మారిందా చూడండి. బిట్‌లాకర్ సస్పెండ్ చేసి ఉంటే రెజ్యూమ్ నొక్కండి. ఫోటోలు చూసి సెట్టింగ్స్ తిరిగి పెట్టండి, కానీ ఎక్స్ఎంపీ, ఎక్స్‌పో మాత్రం వెంటనే వద్దు. ఒకరోజు డీఫాల్ట్‌లో నడిపి, నిద్రపుచ్చి లేపి, పూర్తిగా ఆపి ఆన్ చేసి చూశాక పెట్టండి. అప్పుడు ఏదైనా తేడా వస్తే అది బయోస్ వల్లా, ర్యామ్ స్పీడ్ వల్లా అన్నది తేలిగ్గా తెలుస్తుంది. ఎక్కించిన ఫైల్, పాత వెర్షన్ ఫైల్, ఆ ఫోటోలు ఒక ఫోల్డర్‌లో వేసి వేరే డిస్క్‌లో దాచుకోండి. పెన్‌డ్రైవ్‌ని అలాగే ఒక డ్రాయర్‌లో ఉంచండి.